టేకుకీ టేకుకీ మధ్య

ట్రెవర్ ఇంటి గ్యారేజీలో ఆదివారం మధ్యాహ్నాలు జరిగే కూటానికి వచ్చినవాళ్ళు ముందుగా చెయ్యాల్సిన పని ఒకటుంది. జేబులోంచి ఫోను తీసి, గుమ్మం పక్కనున్న ఐస్‌పెట్టెలో వేసి మూత వెయ్యాలి. ఎండాకాలంలో బీచికి బీరు మోసుకెళ్ళే పెట్టె అది. లోపల వినిపించేది లోపలే ఉండాలిగాని ఎవడి ఫోనులోనో ఎక్కి ఊరేగకూడదని ఆ కట్టుబాటు. గోర్డానా తన ఫోను అందులో వేసి, చేతిసంచీలో ఉన్న పెన్‌డ్రైవ్‌ని ఒకసారి తడిమి చూసుకుంది.

"వచ్చిందిరా మా మహారాణి!" అన్నాడు ట్రెవర్ కుర్చీలోంచి లేవకుండానే. రైళ్ళు నడిపి రిటైరైన మనిషి, గ్యారేజీ ఆయనదే. "రా గోర్డీ, రా. పొద్దుట్నించీ నాకు తిండి సయించడం లేదంటే నమ్ము."

"సయించకే సగం పళ్ళెం ఖాళీ చేశావా?" అంది కెర్రిన్. ఆవిడ స్కూల్లో లెక్కల టీచరు. ఒళ్ళో సాసేజ్ రోల్స్ పళ్ళెం పెట్టుకుని కూర్చుంది.

"అది ఆత్రం తిండి. లెక్కలోకి రాదు."

ప్లేయరు పక్కన డేల్ కూర్చున్నాడు. సిడ్నీ నుంచి రైల్లో వచ్చాడు. అందరికంటే చిన్నవాడు, వెస్నా కోల్ పాటలు మానేసేనాటికి వాడింకా పలకాబలపం పట్టలేదు. అయినా వాడి దగ్గరున్నంత సరుకు ఇంకెవరి దగ్గరా లేదని పేరు. నోరు మెదపకుండా చెయ్యి చాపాడు. గోర్డానా పెన్‌డ్రైవ్ ఇచ్చింది.

వెస్నా కోల్ పుట్టింది ఇక్కడే, ఆస్ట్రేలియాలో వోలంగాంగ్ పక్కన, ఉక్కు ఫ్యాక్టరీ పొగగొట్టాల కింద ఉండే క్రింగిలాలో. మాసిడోనియా నుంచి వచ్చిన వాళ్ళ పిల్ల. అసలు పేరు వెస్నా కోలెవ్‌స్కా. పందొమ్మిదేళ్ళకే 'రెండో షిఫ్టు' అనే పాటతో దేశమంతా తెలిసిపోయింది. ముప్ఫై దాటకుండానే పాడటం మానేసి, ఊరికొచ్చి మొక్కల నర్సరీ పెట్టుకుంది. ఆవిడ ఆల్బంకి ముందు పాడి చూసుకున్న డెమోలు, పాడి వదిలేసినవి, విడుదల చెయ్యొద్దన్నవి, సగంలో ఆపేసినవి, గొంతు సరిచేసుకుంటూ పాడినవి వెతికి వెతికి పోగుచేసుకోవడమే ఈ గ్యారేజీ వాళ్ళ పని. అలాగని ఎన్నడూ ఆవిడ గుమ్మం తొక్కలేదు. నర్సరీకి వెళ్ళి ఒక మొక్క కూడా కొనలేదు. మేము మర్యాద తెలిసినవాళ్ళం అని వాళ్ళకి గర్వం.

గోర్డానా కూడా క్రింగిలా పిల్లే, మాసిడోనియా వాళ్ళ పిల్లే. ఆమె తండ్రీ ఉక్కు ఫ్యాక్టరీలోనే చేశాడు. వాళ్ళింట్లో మొదట డిగ్రీ చదివింది ఆమే. ఊరి లైబ్రరీలో పాత టేపుల్ని కంప్యూటర్లోకి ఎక్కించే ఉద్యోగం. పాత రీలు టేపులకి చెమ్మ పట్టి, తిప్పితే జిగురు ఊడి వచ్చేస్తుంది. అలాంటివాటిని పళ్ళు ఎండబెట్టే మిషన్లో సన్నటి వేడి మీద ఉంచితే కొన్నాళ్ళు బిగుస్తాయి, ఆ లోపల ఎక్కించేసుకోవాలి. ఆ విద్య గ్యారేజీలో ఇంకెవరికీ లేదు. మాటా ఆమెదే చెల్లుతుంది. "ఆల్బంలో పాట ఉతికి ఇస్త్రీ చేసిన చొక్కా. డెమో అంటే ఒంటి మీంచి అప్పుడే విప్పిన చొక్కా," అని ఆమె ఎప్పుడో అంటే, కెర్రిన్ దాన్ని టీ కప్పుల మీద అచ్చు వేయించి అందరికీ పంచింది.

ఇవాళ పెన్‌డ్రైవ్‌లో తెచ్చినదాని అసలు రీలు బ్లాగోయ్ ఇచ్చాడు. వెస్నా తమ్ముడు. కార్లకి సొట్టలు తీసే షాపు అతనిది. వాళ్ళమ్మ అటక సర్దుతుంటే దొరికిందట. "అక్క పారెయ్యమంది. నాకు మనసొప్పలేదు. ఏముందో కాస్త విని చెప్పు, అక్కకి మాత్రం చెప్పకు," అన్నాడు. గోర్డానా సరేనంది. నా చెయ్యి దాటి పోదు అని కూడా అంది. కాని విన్లేదు.

విననిదెందుకంటే, గ్యారేజీలో దానికీ ఒక నియమం ఉంది. 'మొదటి చెవి' అంటారు. కొత్త సరుకు తెచ్చినవాళ్ళు ముందుగా తామొక్కరే వినకూడదు. అందరూ కలిసి కూర్చుని ఒకేసారి వినాలి. ఒకసారి ఒకాయన ముందే వినేశాడని తేలితే, మళ్ళీ గడప ఎక్కనివ్వలేదు. అందుకని గోర్డానా రీలుని వేడిచేసి, స్పీకరు నోరు నొక్కి, తెర మీద గీతలు లేస్తూ పడుతూ ఉంటే చూస్తూ నేరుగా పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించింది. అదొక నిష్ఠ అనుకుంది. చెయ్యి దాటకపోతే చాలదని, చెవి కూడా దాటకూడదని ఆమెకి తట్టలేదు.

"ఎవరూ నమలొద్దు," అన్నాడు డేల్. కెర్రిన్ నోట్లో ఉన్నది గబుక్కున మింగింది. అందరూ కళ్ళు మూసుకున్నారు.

ముందు టేపు బుస. ఆ బుసకే ట్రెవర్ "ఆహా" అన్నాడు. తర్వాత గిటారు, దాని మీద పందొమ్మిదేళ్ళ వెస్నా గొంతు. 'రెండో షిఫ్టు' పల్లవి. మధ్యలో ఒక మగగొంతు అడ్డుపడింది. "ఆపు. ఏడుపు లేదమ్మా ఇందులో. ఇంకోసారి." మళ్ళీ మొదలు, రికార్డింగులో ఇంకో టేకు. మళ్ళీ ఆపు. "నీ గొంతులో తడి రావట్లేదు. ఇంకోసారి." గ్యారేజీలో ఒకళ్ళ ఊపిరి ఒకళ్ళకి వినిపిస్తోంది. ట్రెవర్ పెదాలు తెరుచుకున్నాయి. కెర్రిన్ మెడ ముందుకు సాగింది. కళ్ళు తెరిచి చూసిన గోర్డానాకి ఎందుకో, హోటలు వెనక ఎంగిలి మెతుకుల కోసం కాచుకున్న కుక్కల మొహాలు గుర్తొచ్చాయి. ఛ, ఏం ఆలోచన అని మళ్ళీ కళ్ళు మూసుకుంది.

"నేను ఇంటికి ఫోన్ చేసుకోవచ్చా? నాన్న ఎదురుచూస్తూ ఉంటాడు," అంది టేపులో వెస్నా.

"చేద్దాం చేద్దాం. ఇక్కణ్ణించే చేద్దాం. అందరం విందాం," అంది మగగొంతు. ఇంకో ఇద్దరి నవ్వు. ఫోను మోగుతున్న చప్పుడు.

"హలో. ఎవరు మాట్లాడేది?" ఇంగ్లీషు కూడబలుక్కుని, ఒక్కో మాటా మెట్టు దిగినట్టు దిగుతూ ఒక పెద్దమనిషి గొంతు. "నేను వెస్నా నాన్న. నా పిల్ల తినిందా?"

"నా పిల్ల తినిందా!" అని ఆ నవ్విన వాళ్ళలో ఒకడు అదే యాసలో అన్నాడు. స్టూడియో అంతా నవ్వు. "తినింది సార్. తమరేం పని చేస్తుంటారు సార్?"

"ఉక్కు. నేను ఉక్కు."

ఈసారి గ్యారేజీలో కూడా నవ్వు లేచింది. ట్రెవర్ పొట్ట ఊగింది. "నేను ఉక్కు! అబ్బా, బంగారం రా ఇది!" అన్నాడు. గోర్డానా పెదాలు కూడా ఒక వైపుకి కదిలాయి. కదిలాక తెలిసింది ఆమెకి, తన తండ్రి మాట్లాడే ఇంగ్లీషూ అచ్చం అదే అని. కరెంటు ఆఫీసుకీ స్కూలుకీ ఫోను చెయ్యాల్సి వస్తే, ఆయన రిసీవరు చిన్న గోర్డానా చేతికిచ్చి పక్కన నిలబడేవాడు.

టేపు ఆగలేదు. పాట పేరు చెప్పమన్నారు ఆయన్ని. చెప్పాడు. అర్థం కాలేదు, మళ్ళీ చెప్పండి అన్నారు. చెప్పాడు. ఇంకోసారి. ప్రతిసారీ ఆయన ఇంకాస్త గట్టిగా, ఇంకాస్త శ్రద్ధగా చెప్పాడు. "బాగున్నదా? ఇంకా చెప్పేదా?" అని అడిగాడు. కూతురి పనికి తాను సాయం చేస్తున్నానని అనుకుంటున్నాడు. ఆ నవ్వుల మధ్య సన్నగా ఆడగొంతు నవ్వు ఒకటి వినిపించింది. వెస్నాది.

చివర ఆయన గొంతు తగ్గించి సొంత భాషలో అడిగాడు. "అమ్మా, వీళ్ళు మంచివాళ్ళేనా?"

"నాకు పనుంది నాన్నా," అంది వెస్నా ఇంగ్లీషులో. ఫోను తెగింది.

"ఇప్పుడు పాడు," అంది మగగొంతు.

పాడింది. 'తలుపు తీసే ఉంచు' అన్నచోట గొంతు నిలువునా చీలింది. దేశమంతా ముప్ఫై ఏళ్ళుగా గుండె మీద చెయ్యేసుకుని విన్నది ఆ చీలికనే. ఆల్బంలో దాన్ని కొంచెం నునుపు చేశారు. ఇక్కడ పచ్చిగా ఉంది.

పాట అయ్యాక బుస కూడా అయ్యేదాకా ఎవరూ చప్పుడు చెయ్యకూడదు. ఆగి, ఒక్కసారిగా చప్పట్లు కొట్టారు. కెర్రిన్ కళ్ళు తుడుచుకుంటోంది.

"ఇన్నాళ్ళూ వదిలేసి పోయిన ఆ డ్రమ్ములవాడి కోసం ఏడ్చిందనుకున్నామే! నాన్నా అసలు సంగతి? వాళ్ళు ఏడిపించి పాడించారా? ఓరి దేవుడా, అందుకే అంత బాగొచ్చింది!" అంది.

"ఏడిపించకపోతే పాటే లేదు," అన్నాడు ట్రెవర్. "వాడెవడోగాని మొనగాడు."

"చివర్లో ముసలాయన వాళ్ళ భాషలో ఏదో అన్నాడే," అన్నాడు డేల్. "ఏంటది గోర్డీ? ఫోను ముక్క మాత్రం విడిగా కోసి, కింద ఆ మాటలు ఇంగ్లీషులో వేశామంటే ప్రపంచమంతా తిరిగేస్తుంది. టేకుకీ టేకుకీ మధ్య ఇంత సరుకు ఎవరికీ దొరకలేదు."

ఆ గది వాసనలన్నీ ఒక్కసారిగా గోర్డానా ముక్కుకి తగిలాయి. గ్యారేజీలో సాసేజ్ కొవ్వు వాసన, బీరు వాసన, మూసిన తలుపుల వెనక మనుషుల వాసన. ఒంటి మీంచి అప్పుడే విప్పిన చొక్కా. తనే అంది ఆ మాట. ఇన్నేళ్ళూ ఆ చొక్కాని ముక్కుకి హత్తుకుని పీల్చింది తను, కమ్మగా ఉందంటూ నలుగురికీ అందించింది తను. దాంట్లో ఉన్నది ఒక ముసలాయన పరువు, ఒక పిల్ల సిగ్గు అని ముక్కుకి తెలియలేదా?

లేచి వెళ్ళి పెన్‌డ్రైవ్ లాగేసింది.

"ఏయ్, ఇంకా ఎక్కించుకోలేదు నేను," అన్నాడు డేల్.

"ఎక్కించుకోవద్దు. ఇది ఎవరికీ ఇవ్వను."

"ఇవ్వనంటే? తెచ్చినవాళ్ళు అందరికీ తలా ఒకటి ఇవ్వాలి. నువ్వు పెట్టిన రూలే."

"రూలు నాదే. తప్పు రూలు. ఆ టేపు మీది కాదు, నాదీ కాదు."

"ఇవాళేనా తెలిసొచ్చింది?" అంది కెర్రిన్. ఆవిడ మొహంలో ఇంకా తడి ఆరలేదు, అప్పుడే గట్టిపడింది. "బ్రిస్బేన్ టేపు నేనిచ్చినప్పుడు తీసుకున్నావుగా? వెస్నా వాంతి చేసుకుంటూ పాడింది, అదీ నీ బీరువాలో ఉంది. మొగుడితో పోట్లాడింది ఉంది. అప్పుడు కమ్మగా ఉందా? ఇప్పుడు మీ యాస వినపడేసరికి పొడుచుకొచ్చిందా?"

గోర్డానా పెన్‌డ్రైవ్‌ని చేతిసంచీలో వేసుకుంది. ఆవిడన్నది నిజం. అబద్ధమైతే కోపం వచ్చేది. నిజం కాబట్టి అసహ్యం వేసింది, ఆవిడ మీదా కాదు, ఒక్క తన మీదా కాదు, ఆ గదిలో ఉన్న చెవులన్నిటి మీదా.

"కూర్చో తల్లీ, కాసేపు చల్లబడు," అన్నాడు ట్రెవర్. ఆయన మంచివాడే. ఆ మంచితనంతోనే అన్నాడు, "నవ్వితే ఏం పోయింది చెప్పు? ముద్దొచ్చే మనిషి కదా ఆయన. మేం ప్రేమతోటే నవ్వాం."

ఆ మాటే అన్నిటికంటే రోతగా వినిపించింది ఆమెకి. ఐస్‌పెట్టె మూత తీసి తన ఫోను తీసుకుంది. కారు తలుపు వేస్తుంటే లోపలి నుంచి డేల్ గొంతు వినిపించింది. "నేను ఉక్కు!" అంటున్నాడు, అదే యాసలో. వెనకే నవ్వులు.

చేతిసంచీలో ఉన్న రీలు బ్లాగోయ్‌కి తిరిగిచ్చెయ్యాలని క్రింగిలా దారి పట్టింది. టేపులో ఏమీ లేదు, చెమ్మకి పాడైపోయింది అని బ్లాగోయ్‌కి చెప్పేస్తే సరిపోతుంది. అబద్ధమే, కాని దానివల్ల ఎవరి మనసూ విరగదు. దారి పొడుగునా ఆ అబద్ధాన్ని నోట్లో తిప్పుకుంటూ వచ్చింది.

బ్లాగోయ్ పెరట్లో పొయ్యి మీద ఇనప రేకు, రేకు మీద కారం లేని పెద్ద ఎర్ర మిరపకాయలు కాలుతున్నాయి. ఏడాదికి సరిపడా పచ్చడి పెట్టుకునే రోజులు. వీధి వీధంతా అదే పొగ. బ్లాగోయ్ పటకారుతో కాయలు తిప్పుతున్నాడు. స్టూలు మీద కూర్చుని కాలిన కాయల తొక్క వలుస్తున్నది వెస్నా.

ఆవిడ ఇక్కడుంటుందని గోర్డానా అనుకోలేదు. చర్చిలో దూరం నుంచి చూడటమేగాని ఇంత దగ్గరగా ఎప్పుడూ నిలబడలేదు. జుట్టు నెరిసింది. చేతులు మోచేతుల దాకా ఎర్రగా ఉన్నాయి.

"రావే గోర్డానా!" అన్నాడు బ్లాగోయ్, కళ్ళతోనే ఇప్పుడొద్దు అని సైగ చేస్తూ. "కాఫీ తాగుతావా?"

చెప్పాల్సిన అబద్ధం నోటిదాకా వచ్చింది. కాని వెస్నా తలెత్తి చూసింది, ఆ చూపు ముందు అది నిలవలేదు.

"ఆ రీలు తెచ్చాను," అంది.

వెస్నా చేతిలో కాయ ఆగింది. "పారెయ్యమన్నాను కదరా," అంది తమ్ముడితో, గొంతు పెంచకుండా. తర్వాత గోర్డానా వైపు తిరిగింది. "విన్నావా?"

"విన్నాను."

"నువ్వొక్కదానివేనా?"

"కాదు. గ్యారేజీలో, ఇంకో ముగ్గురు." ఎవరి గ్యారేజీ అని వెస్నా అడగలేదు. అలాంటివి ఉంటాయని ఆవిడకి ఎప్పుడో తెలిసినట్టుంది.

"నవ్వారా?"

"నవ్వారు."

"నువ్వు?"

"నా నోరు కదిలింది," అంది గోర్డానా. "టేపు ఎవరికీ ఇవ్వలేదు. కాని వాళ్ళు ఆయన మాటలు అంటున్నారు, ఆయనలాగే. అది వెనక్కి తేలేను."

వెస్నా ఆమెని ఎగాదిగా చూసింది. చెప్పు కింద పడ్డదేదో చూసుకున్నట్టు చూసి, మొహం తిప్పుకుంది.

"ఎవరి మాటలు? ఎవరు నవ్వారు?" అన్నాడు బ్లాగోయ్. "మీ ఇద్దరూ ఏం మాట్లాడుకుంటున్నారు?"

"నాన్న ఉన్నాడ్రా అందులో," అంది వెస్నా.

పొయ్యి మీద కాయలు మాడుతున్నాయి. వాటిని ఎవరూ తిప్పలేదు. తండ్రి పోయేనాటికి బ్లాగోయ్‌కి ఆరేళ్ళు. ఇంట్లో ఉన్న పెళ్ళి వీడియో క్యాసెట్లన్నిటి మీదా క్లారినెట్ పాటలు ఎక్కించేశారు, మనుషులు పెదాలు కదుపుతారంతే. ఆయన గొంతు ఎలా ఉండేదో బ్లాగోయ్‌కి తెలియదు. ఆ సంగతి వీధిలో అందరికీ తెలుసు.

"నాన్న గొంతు ఉండగా పారెయ్యమన్నావా అక్కా?"

"వాళ్ళు ఆయన్ని ఆడించారు. నేను నవ్వాను. అదీ వినపడుతుంది నీకు. తెలిసే వింటావా?"

"నవ్వితే నవ్వావు. నాకు ఆయన కావాలి."

వెస్నా చేతిలో కాయ పళ్ళెంలో వేసి ఇంకోటి తీసుకుంది. "వెయ్యి," అంది చివరికి. "నేను ఇక్కడే ఉంటాను."

షాపు నుంచి తెచ్చిన పాత ప్లేయరు పెరటి గట్టు మీద ఉంది. గోర్డానా దాంట్లో పెన్‌డ్రైవ్ పెట్టింది. పాట దాటించి, ఫోను మోగే చోట వేసింది. బ్లాగోయ్ చెవి స్పీకరుకి ఆనించాడు. నా పిల్ల తినిందా అని ఆయన అడిగేసరికి, అంత పెద్ద మనిషీ ముడుచుకుపోయాడు. అవతలివాళ్ళ నవ్వులు అతనికి వినపడ్డట్టే లేదు. మంచివాళ్ళేనా అన్న మాట దగ్గర, "ఇది మా భాష. మా భాషలో మాట్లాడాడు," అన్నాడు ఎవరో కాదన్నట్టు. కన్నీళ్ళు కారుతున్నాయి. "ఇంకోసారి వెయ్యవే. ఇంకోసారి."

వెస్నా చేతిలో కాయ తొక్క ఊడటం లేదు. గోళ్ళతో గీకుతోంది. ఇంకోసారి అన్నప్పుడల్లా భుజాలు బిగుసుకుంటున్నాయి. తమ్ముడిని మాత్రం ఆపమనలేదు.

అతను తృప్తిగా వినేదాకా ఆగింది. "ఆ ఫోను ముక్క వాడి ఫోనులో వెయ్యి," అంది గోర్డానాతో. "పాట తుడిచెయ్."

"పాటా?" అంది గోర్డానా. అనుకోకుండా నోరు జారింది. ఇంకెక్కడా లేదది. ఆ చీలిక ఆ పచ్చిదనంతో ఇంకెక్కడా లేదు. ఆ మాట తన గొంతులో తనకే డేల్ మాటలా వినిపించింది. సిగ్గేసింది.

"పాటే. వాళ్ళకి కావలసింది అదేగా."

బల్ల మీద బ్లాగోయ్ లాప్‌టాప్ ఉంటే దాంట్లో పెట్టి, ఫోను ముక్క వేరుచేసి బ్లాగోయ్‌కి పంపింది. పాట తుడిచేసింది. రీలు చేతిసంచీలోంచి తీసి వెస్నా పక్కన పెట్టింది. ఇక వెళ్ళొచ్చేమో అని నిలబడింది.

"కూర్చో," అంది వెస్నా. పళ్ళెం ఆమె వైపు జరిపింది. "వలుస్తూ చెప్పు. నావి ఇంకేం ఉన్నాయి నీ దగ్గర?"

గ్యారేజీలో అయితే గోర్డానా ఊపిరి తీసుకోకుండా చెప్పేది. ఏ ఊరు, ఏ ఏడు, ఎన్నో టేకు, ఎక్కడ గొంతు తడబడిందీ, ఎక్కడ ఏడ్చిందీ. దానికే ఆమెని మహారాణి అన్నారు. ఇక్కడ ఆ మనిషి ఎదురుగా కూర్చుని ఉంది, ఆవిడ వేళ్ళ నుంచి ఎర్రటి నీళ్ళు కారుతున్నాయి.

"చెప్పు."

"బ్రిస్బేన్‌లో ఒకటి," అంది గోర్డానా. ఆగింది. "మీకు ఒంట్లో బాగుండలేదు, అప్పటిది."

"ఒంట్లో బాగుండకపోవడమంటే ఏంటి? ఏం వినపడుతుందో అది చెప్పు."

గోర్డానా తల దించుకుని, కాలిన కాయ ఒకటి చేతిలోకి తీసుకుని, చెప్పడం మొదలుపెట్టింది.